మూత పెట్టని గిన్నె: షాంటాల్ అకెర్మన్ చూపు గురించి

(మా ఫిల్మ్ క్లబ్ నెలవారీ సమావేశంలో చేసిన ప్రసంగం. ఆ సాయంత్రం రాలేకపోయినవాళ్ళ కోసం రికార్డింగ్ విని టైప్ చేశాం. తడబాట్లు మాత్రమే తీసేశాం.)

అందరికీ నమస్కారం. వెనకవాళ్ళకి వినబడుతోందా? ముందు వరసలో కుర్చీలు ఖాళీగానే ఉన్నాయి, వచ్చి కూర్చోండి.

ముందు ఒక ప్రశ్న. ఇవాళ పొద్దున మీ ఇంట్లో పాలు కాచాక గిన్నె మీద మూత ఎవరు పెట్టారు? చెప్పండి. "పెట్టే ఉంటారు" అంటున్నారు. పెట్టే ఉంటారండీ, లేకపోతే పాలలో ఈగ పడేది. నేనడిగేది అది కాదు. ఆ మూత పెట్టడం మీరు చూశారా? ఆ చెయ్యి చూశారా? చూసినవాళ్ళు చెయ్యెత్తండి. ఇద్దరు. ఆ ఇద్దరూ మూత పెట్టినవాళ్ళే అనుకుంటా. అవునా అమ్మా? అవునట.

ఇవాళ నేను మాట్లాడబోయే దర్శకురాలు మూడు గంటల ఇరవై ఒక్క నిమిషాల సినిమా తీసింది. ఆ సినిమాలో మన గుండె ఝల్లుమనే చోటు ఏదంటే, ఒక గిన్నె మీద మూత పెట్టడం మర్చిపోయిన చోటు. తుపాకీ పేలదు, ఎవరూ అరవరు, వెనక మ్యూజిక్ ఉండదు. మూత లేదు, అంతే. హాల్లో కూర్చున్న మనకి టెన్షన్ మొదలవుతుంది. ఎలా సాధ్యమైంది ఇది? మూత లేకపోవడం మనకి కనబడేలా ఆమె ఏం చేసింది? ఈ సాయంత్రం నేను మాట్లాడేదంతా దీని గురించే.

ఆమె పేరు షాంటాల్ అకెర్మన్. 1950లో బ్రసెల్స్‌లో పుట్టింది. పోలండ్ నుంచి బెల్జియం వచ్చిన యూదు కుటుంబం. వాళ్ళమ్మ నతాలియా, నాజీలు యూదుల్ని చంపిన ఆష్విట్జ్ శిబిరం నుంచి ప్రాణాలతో బయటపడిన మనిషి. అమ్మమ్మ, తాతయ్య బయటపడలేదు. అమ్మ ఆ రోజుల గురించి ఇంట్లో మాట్లాడేది కాదు. ఈ సంగతి గుర్తుపెట్టుకోండి, మళ్ళీ దీని దగ్గరికి వస్తాను. పదిహేనేళ్ళప్పుడు ఫ్రెంచ్ దర్శకుడు గొదార్ సినిమా ఒకటి చూసి, నేనూ సినిమాలే తీస్తానని నిశ్చయించుకుంది. ఫిల్మ్ స్కూల్లో చేరి కొద్ది నెలల్లోనే వదిలేసింది. పద్దెనిమిదేళ్ళకే ఒక పొట్టి సినిమా తీసింది, పదమూడు నిమిషాలది, అదీ వంటగదిలోనే. అందులో తనే నటించింది. ఇరవై ఒకటో ఏట న్యూయార్క్ వెళ్ళింది.

న్యూయార్క్‌లో ఆమెకి పరిచయమైంది ప్రయోగాత్మక సినిమా. మైకేల్ స్నో అని కెనడా కళాకారుడు, ఆయన తీసిన ఒక సినిమాలో కెమెరాని కొండ మీద ఒక యంత్రానికి బిగించారు. మూడు గంటల పాటు అది ఆకాశాన్నీ రాళ్ళనీ చూస్తూ తిరుగుతుంది. మనుషులుండరు, కథ లేదు. అయినా తర్వాత ఏమవుతుందో అని చూస్తూ కూర్చోబెడుతుంది. కథ లేకుండా కూడా ఉత్కంఠ పుట్టించవచ్చని అక్కడ తెలుసుకున్నానని అకెర్మన్ చెప్పేది. చాలామంది ఆ పాఠం నేర్చుకుని కొండలు, గోడలు, వెలుగు నీడలు తీస్తూ ఉండిపోయారు. ఈ అమ్మాయి ఆ పాఠాన్ని మూటగట్టుకుని ఇంటికి తెచ్చింది. వంటగదిలో పెట్టింది. ఎంత పెద్ద పని చేసిందో చూడండి.

నేను ఎడిటర్‌ని. మా పనిలో కొత్తగా చేరినవాళ్ళకి మొదట చెప్పే మాట ఒకటే: అక్కర్లేనిది తీసెయ్. మనిషి మెట్లెక్కుతుంటే మొదటి మెట్టు చూపించు, తర్వాత తలుపు చూపించు, మిగతా మెట్లు ప్రేక్షకుడే ఎక్కేస్తాడు. వంట చేస్తున్నారంటే పోపు చిటపటలాడటం ఒక షాట్, ఆవిరి ఒక షాట్, ఆ తర్వాత కంచంలో అన్నం. ఇరవై ఏళ్ళుగా ఇలాగే కోస్తున్నాను. అది చెడ్డ పద్ధతేం కాదు. కానీ అకెర్మన్ సినిమా చూశాక ఒక ప్రశ్న పట్టుకుంది, వదలడం లేదు. ఇన్నేళ్ళూ నేను కోసి పారేసిందేమిటి? ఆ పారేసిన ముక్కల్లో ఎవరి పని ఎక్కువ ఉంది? పోపుకీ కంచానికీ మధ్య ఉన్నదంతా ఎవరో ఒకరి జీవితం కదండీ. రోజుకి నాలుగైదు గంటలు, నలభై యాభై ఏళ్ళు. దాన్నంతా మనం "మధ్యలో మెట్లు" అనుకున్నాం.

సరే, సినిమా దగ్గరికి వద్దాం. 1975లో వచ్చింది. పేరు పూర్తిగా చదువుతాను: "ఝాన్ డీల్మాన్, 23 కే ద్యు కొమెర్స్, 1080 బ్రక్సెల్". మనిషి పేరు, ఇంటి నంబరు, వీధి, పిన్‌కోడ్, ఊరు. ఉత్తరం కవరు మీద రాసినట్టుంది కదా? అదే సినిమా పేరు. ఝాన్ భర్త పోయిన మనిషి. బడికెళ్ళే ఎదిగిన కొడుకున్నాడు. ఆమె వంట చేస్తుంది, గిన్నెలు కడుగుతుంది, పక్క సర్దుతుంది, కొడుకు బూట్లు పాలిష్ చేస్తుంది, పక్కింటావిడ పసిబిడ్డని కాసేపు చూసుకుంటుంది. మధ్యాహ్నం రోజుకొక మగవాడు వస్తాడు. డబ్బిచ్చి వెళ్తాడు. ఆ డబ్బుతో ఇల్లు గడుస్తుంది. మొత్తం మూడు రోజుల కథ.

కెమెరా ఏం చేస్తుంది? కదలదు. ఒక్కసారి కూడా కదలదు. క్లోజప్‌లు లేవు. ఎత్తు కూడా తక్కువే. అకెర్మన్ పొట్టి మనిషి, తన కళ్ళ ఎత్తులోనే కెమెరా పెట్టించింది. ఝాన్ గదిలోంచి వెళ్ళిపోతే కెమెరా వెంట వెళ్ళదు, ఖాళీ గదిని చూస్తూ ఉంటుంది. గది వదిలే ప్రతిసారీ ఆమె లైటు ఆపుతుంది. ఆ స్విచ్ చప్పుడు, చెప్పుల చప్పుడు, కుళాయి నీళ్ళు, గ్యాస్ అంటుకున్న చప్పుడు, ఇవే సంగీతం. మొదటి అరగంట మనకి విసుగొస్తుంది. రానివ్వండి. నాకూ వచ్చింది. ఆ అరగంటలోనే, మనకి తెలియకుండా, మనం ఆ ఇంటి మనుషులమైపోతాం. ఏ సొరుగులో ఏముందో తెలిసిపోతుంది. ఏ పని తర్వాత ఏ పనో తెలిసిపోతుంది.

ఇప్పుడు దుంపల సంగతి. ఇది కొంచెం వివరంగా చెబుతాను, ఎందుకంటే ఆమె పద్ధతంతా ఇందులో ఉంది.

మొదటి రోజు. సినిమా మొదలవడమే ఝాన్ పొయ్యి దగ్గర. దుంపలు పొయ్యి మీద పెడుతుంది. బెల్ మోగుతుంది. ఏప్రన్ తీసి తలుపు తీస్తుంది. ఒకతను. కోటు, టోపీ అందుకుంటుంది. ఇద్దరూ గదిలోకి వెళ్తారు, తలుపు మూసుకుంటుంది. కెమెరా నడవలోనే ఉండిపోతుంది. ఒక్క కట్. నడవలో వెలుతురు తగ్గింది. తలుపు తెరుచుకుంటుంది, అతను డబ్బిచ్చి వెళ్తాడు. ఝాన్ భోజనాల బల్ల మీదున్న పింగాణీ సూప్ గిన్నె మూత తీసి డబ్బులందులో వేస్తుంది, మళ్ళీ మూత పెడుతుంది. వంటగదిలోకి వెళ్తుంది. దుంపలు సరిగ్గా ఉడికాయి. అంటే ఏమిటన్నమాట? ఆ మనిషి వచ్చి వెళ్ళే సమయం, దుంపలు ఉడికే సమయం ఒకటే. ఆమె లెక్క అది. ఎవరూ మాటల్లో చెప్పరు. చూసి మనమే తెలుసుకోవాలి.

రెండో రోజు. అదే దుంపలు, అదే బెల్, అదే నడవ. వచ్చినవాడు వేరే. తలుపు మూసుకుంది, వెలుతురు తగ్గింది, తలుపు తెరుచుకుంది. ఝాన్ జుట్టు కాస్త చెదిరి ఉంది. డబ్బు గిన్నెలో వేసింది. మూత పెట్టలేదు. చూశారా, మూత పెట్టలేదు! వంటగదిలోకి వెళ్తే దుంపలు ఉడికి చితికిపోయాయి. లోపల ఏదో జరిగింది. ఎక్కువ సేపు పట్టింది. ఏం జరిగిందో అకెర్మన్ చూపించదు. ఆ మనిషి చెప్పడు, ఈమె చెప్పదు. దుంపలు చెబుతాయి.

ఆమె ఆ దుంపల గిన్నె పట్టుకుని ఇల్లంతా తిరుగుతుంది. ఎక్కడ పెట్టాలో తోచడం లేదు. అంత పొందిక గల మనిషి, కళ్ళు మూసుకుని కూడా ఏ వస్తువు ఎక్కడుందో చెప్పగలిగిన మనిషి, చేతిలో గిన్నెతో సొంత ఇంట్లో దారి తప్పింది. చివరికి దుంపలు పారేస్తుంది. మళ్ళీ వండుదామంటే ఇంట్లో సరిపడా లేవు. బజారుకెళ్ళి కొనుక్కొస్తుంది. వంటగది బల్ల దగ్గర కూర్చుని తొక్క తీయడం మొదలుపెడుతుంది. మన ఎదురుగా కూర్చుంటుంది. ఒక కత్తి, ఒక దుంప, తర్వాత ఇంకో దుంప. ఆ చేతుల వేగం చూడండి. నిన్నటి చేతులు కావవి. మధ్యలో ఆగుతాయి, మళ్ళీ కదులుతాయి. నాకు ఈ షాట్ చూసినప్పుడల్లా గొంతు పట్టేస్తుంది. ఒక మనిషి లోపల పగులు రావడాన్ని దుంప తొక్కలో చూపించింది.

మూడో రోజు సంగతి చెప్పను, చూడనివాళ్ళు చాలామంది ఉన్నారు. ఒక్కటి మాత్రం చెబుతాను. చివర్లో చాలా పెద్ద సంఘటన ఒకటి జరుగుతుంది. దాన్నీ ఆమె దుంపలు తొక్క తీసినంత ప్రశాంతంగానే చూపిస్తుంది. ఎందుకు? సినిమాలో దృశ్యాలకి పై మెట్టు, కింది మెట్టు ఉన్నాయంటుంది అకెర్మన్. ముద్దు, కారు యాక్సిడెంట్ పై మెట్టు మీద ఉంటాయి. గిన్నెలు కడగడం అట్టడుగున ఉంటుంది. ఇది ఊరికే వచ్చింది కాదు, సమాజంలో ఆడదాని స్థానం ఎక్కడో దాన్ని బట్టి వచ్చిందంటుంది. ఆ మెట్లు తీసేసి అన్నిటినీ ఒకే నేల మీద పెట్టింది.

ఇక్కడ ఒక అపోహ గురించి మాట్లాడాలి. కుర్రాళ్ళు నా దగ్గరికొచ్చి అంటుంటారు, "సార్, కెమెరా ట్రైపాడ్ మీద పెట్టి వదిలేస్తే అదే జీవితాన్ని పట్టుకుంటుంది, అకెర్మన్ పద్ధతి అదే కదా" అని. కాదు నాన్నా. ఆ సినిమాలో ఏదీ వదిలేసింది కాదు. ప్రతి చేతి కదలికా స్క్రిప్టులో రాసి ఉంది. ఏ చేత్తో మూత తీయాలి, గిన్నె ఎటు పెట్టాలి, అన్నీ రాసి, రిహార్సల్ చేసి తీశారు. షూటింగ్ జరుగుతుండగా తీసిన వీడియో ఒకటి ఉంది. అందులో కథానాయిక డెల్ఫిన్ సేరిగ్ ప్రతిదానికీ ఎందుకు అని అడుగుతుంటుంది. అప్పటికే పెద్ద పేరున్న నటి ఆమె. పాతికేళ్ళైనా నిండని దర్శకురాలు ఓపిగ్గా చెబుతుంటుంది. కెమెరా వెనక బాబెట్ మాంగోల్ట్. యూనిట్‌లో ఎక్కువమంది ఆడవాళ్ళే.

సేరిగ్‌ని ఎందుకు తీసుకుందో కూడా వినండి. రోజూ గిన్నెలు కడిగే మనిషినే తెర మీద గిన్నెలు కడుగుతూ చూపిస్తే మనం చూడమట. భార్య గిన్నెలు కడుగుతుంటే మొగుడికి కనబడదు కదా, అలాగే. అందుకని గిన్నెలు కడుగుతుందని మనం ఊహించని మనిషి కావాలి. సేరిగ్ అంటే పెద్దింటి ఆడపడుచులా ఉండే నటి. ఆమె పక్క దుప్పటి మడతపెడుతుంటే కళ్ళప్పగించి చూస్తాం. "ఆమె దుప్పటి మడతపెడుతోందేంటి!" అని చూస్తాం. చూసేసరికి దుప్పటి మడతపెట్టడం అనే పని కనబడుతుంది.

మరి ఇంత రాసి, ఇంత రిహార్సల్ చేసి తీసినదాన్ని గమనింపు అని ఎలా అంటాం? నేను చెప్పదలచుకున్న అసలు మాట ఇక్కడుంది. ఆమె గమనింపు కెమెరాతో మొదలవలేదు. కెమెరా కంటే ముందే పూర్తయిపోయింది. చిన్నప్పుడు అమ్మని చూసింది, పిన్నుల్ని, అత్తల్ని చూసింది. వాళ్ళు వెనక్కి తిరిగి గిన్నెలు కడుగుతుంటే ఆ వీపులు చూసింది. నాన్న తరఫు తాతయ్య ఉన్నన్నాళ్ళూ ఆ ఇంట్లో యూదుల ఆచారాలు నడిచేవి, ప్రతి పనికీ ఒక వరస ఉండేది. ఆ వరసలో ఒక నెమ్మది ఉంటుందని చిన్నపిల్లగానే ఆమెకి తెలుసు. ఝాన్ రోజంతా పనులతో ఎందుకు నింపుకుంటుంది? ఒక్క గంట ఖాళీ వస్తే లోపలున్న దిగులు పైకొస్తుంది గనక. మాట్లాడని అమ్మ దగ్గర పెరిగిన పిల్ల ఏం చేస్తుంది? మాటలు దొరకవు కాబట్టి చేతులు చూస్తుంది. అలా ఇరవై ఏళ్ళు చూసింది, ఐదు వారాల్లో తీసింది.

నా సొంత అనుభవం ఒకటి చెబుతాను. ఈ సినిమా మొదటిసారి చూశాక మా అమ్మని వంటింట్లో షూట్ చేయాలనిపించింది. ఫోన్ స్టాండ్‌కి పెట్టి, "అమ్మా, నువ్వు మామూలుగా నీ పని చేసుకో" అన్నాను. చింతపండు పిసుకుతోంది. కెమెరా ఉందని తెలియగానే కొంగు సర్దుకుంది, నిటారుగా కూర్చుంది, టీవీ వంటల ప్రోగ్రాంలోలాగా "ఇదిగో ఇప్పుడు పులుపు తీస్తున్నాను" అంది. పది నిమిషాలు రికార్డయింది. ఒక్క క్షణం కూడా మా అమ్మ లేదందులో. తర్వాత ఫోన్ పక్కన పెట్టేసి, ఏమీ తీయకుండా, రోజూ కాసేపు వంటింట్లో పీట వేసుకుని కూర్చోవడం మొదలుపెట్టాను. మొదట్లో "ఏం కావాలిరా" అనేది. వారం తర్వాత అడగడం మానేసింది. అప్పుడు చూశాను. చింతపండు పిసికాక, పిప్పిని ఇంకోసారి కాసిని నీళ్ళలో వేసి పిండుతుంది, ఏమీ రాదని తెలిసినా. పిండాక వేళ్ళ సందుల్లో మిగిలినదాన్ని గిన్నె అంచుకి రాస్తుంది. నలభై ఏళ్ళుగా ఆ పులుసు తిన్నాను. ఆ అంచుకి రాయడం ఎప్పుడూ చూడలేదండీ. దాన్ని నేను తీయలేదు. ఇప్పుడు తీయమంటే తీయగలను. ఏ చేత్తో, ఎన్నిసార్లు, ఏ వైపుకి, స్క్రిప్టులో రాయగలను.

అలాగని ఆమె నిజ జీవితం మీద కెమెరా పెట్టలేదని కాదు. పెట్టింది, చాలాసార్లు పెట్టింది. న్యూయార్క్‌లో ఒక చవక హోటల్‌ని రాత్రి నుంచి తెల్లారేదాకా తీసింది, ఒక్క శబ్దం లేకుండా. దాని పేరు "హోటల్ మాంటెరే", 1972. కానీ నా మనసులో ఉండిపోయింది "న్యూస్ ఫ్రమ్ హోమ్". తెర మీద న్యూయార్క్ వీధులు, సబ్‌వే రైళ్ళు. వెనక అకెర్మన్ గొంతు, అమ్మ బ్రసెల్స్ నుంచి రాసిన ఉత్తరాలు చదువుతుంటుంది. ఎలా ఉన్నావు, ఎందుకు రాయడం లేదు, ఎప్పుడొస్తావు, ఫలానావాళ్ళ పెళ్ళి, నాన్న ఒంట్లో బాగాలేదు. అందరమ్మలూ రాసే ఉత్తరాలే. రైలొస్తుంది. ఆ రొదలో అమ్మ మాటలు మునిగిపోతాయి. ఆమె గొంతు పెంచదు, రైలు చప్పుడు తగ్గించదు. ఇక్కడ పిల్లల్ని అమెరికా పంపినవాళ్ళు చాలామంది కూర్చున్నారు. ఆ రొద ఏమిటో మీకు నేను చెప్పక్కర్లేదు. చివరి షాట్ పడవ మీద నుంచి. పడవ మన్‌హట్టన్‌ని వదిలి వెళ్తుంటే, దాదాపు పది నిమిషాలు, ఆ నగరం మెల్లగా మంచులో చిన్నదైపోతుంది.

1993లో "డెస్ట్" అని ఒకటి తీసింది. తూర్పు జర్మనీ నుంచి మాస్కో దాకా, సోవియట్ యూనియన్ కూలిన కొత్తలో. ఇక్కడ కెమెరా కదులుతుంది. మంచులో బస్సుల కోసం నిలబడ్డ మనుషుల ముందు నుంచి నెమ్మదిగా జరుగుతూ పోతుంది. కొందరు మొహం తిప్పుకుంటారు, కొందరు కోపంగా చూస్తారు. వ్యాఖ్యానం ఒక్క ముక్క లేదు.

ఇప్పుడు మీలో కొందరు అడగబోయే ప్రశ్న నాకు తెలుసు. "ఇదంతా ల్యాగ్ కాదా?" అని. 1975లో కాన్స్ ఫిల్మ్ ఫెస్టివల్‌లో చూపించినప్పుడు జనం లేచి వెళ్ళిపోయారు. కుర్చీలు దబదబా మూసుకున్న చప్పుడు విన్నానని ఆమే చెప్పింది. సైట్ అండ్ సౌండ్ అనే సినిమా పత్రిక, అన్నిటికన్నా గొప్ప సినిమాలేవని పదేళ్ళకోసారి విమర్శకుల ఓట్లు తీసుకుంటుంది. 2012లో ఈ సినిమా మొదటి ముప్పైలో లేదు, 2022లో మొదటి స్థానంలోకి వచ్చింది. ఆ జాబితాకి నేను పెద్ద విలువ ఇవ్వను. ల్యాగ్ ప్రశ్నకి ఆమె ఇచ్చిన జవాబుకి ఇస్తాను. మనం ఒక సినిమాని మెచ్చుకుంటూ "టైమే తెలియలేదు" అంటాం కదా? టైమ్ తెలియకపోతే ఆ రెండు గంటలూ మీ దగ్గర నుంచి దొంగిలించినట్టే అంటుందామె. తన సినిమాలో ప్రతి నిమిషం మీ ఒంటికి తెలుస్తుంది. మీ నిమిషాలు మీ దగ్గరే ఉంటాయి. నేను దీన్ని పూర్తిగా నమ్ముతున్నాను.

ఇంకొక్క సినిమా చెప్పి ఆపేస్తాను. ఆఖరిది, 2015లో వచ్చింది, "నో హోమ్ మూవీ". బ్రసెల్స్ ఫ్లాట్‌లో అమ్మ. పెద్దదైపోయింది, నడక తడబడుతోంది. కెమెరా ఒక్కోసారి గుమ్మం దగ్గర, ఒక్కోసారి ఏ సామాను మీదో పెట్టి ఉంటుంది. అమ్మ ఫ్రేమ్‌లోకి వస్తుంది, పోతుంది. ఖాళీ గది మిగులుతుంది. నలభై ఏళ్ళ కిందట నటితో రిహార్సల్ చేయించి తీసినదాన్ని ఇప్పుడు ఆ చేతుల అసలు యజమాని దగ్గర తీస్తోంది. దూరంగా ఉన్నప్పుడు స్కైప్‌లో మాట్లాడుకుంటారు. నన్నెందుకు తీస్తున్నావని అమ్మ అడుగుతుంది. ప్రపంచంలో దూరమన్నది లేదని చూపించడానికి అంటుంది కూతురు. బై చెబుతారు, మళ్ళీ మాట్లాడతారు, మళ్ళీ బై చెబుతారు. ఫోన్ పెట్టడానికి ఇద్దరికీ చెయ్యి రాదు. అకెర్మన్ కెమెరాని కంప్యూటర్ తెర మీదకి దగ్గరగా, ఇంకా దగ్గరగా తీసుకెళ్తుంది, అమ్మ మొహం చిన్న చిన్న గళ్ళుగా చెదిరిపోయేదాకా. జీవితమంతా దూరం నుంచి చూసిన మనిషి అక్కడ దగ్గరికి వెళ్ళింది. అమ్మ 2014 ఏప్రిల్‌లో పోయింది. 2015 అక్టోబర్‌లో అకెర్మన్ కూడా వెళ్ళిపోయింది. అరవై ఐదేళ్ళు.

ఇప్పుడు ఆ దుంపల షాట్ వేస్తాం. సినిమా మొత్తం వచ్చే ఆదివారం. ఈ షాట్ మాత్రం ఇవాళ మొదటి నుంచి చివరిదాకా చూద్దాం. మధ్యలో ఆపొద్దని ప్రొజెక్టర్ దగ్గరున్న తమ్ముడికి చెప్పాను. ఫోన్లు లోపల పెట్టండి. ఆ తలుపు దగ్గర లైటు కొంచెం ఆపేస్తారా? ఆఁ, అదే. చేతులు చూడండి.